పగలు పుట్టిన రేయి

మా అబ్బయ్య పేరు రేయాంశ్. అర్థమేమని ఆరేళ్ల కిందట ఎవరైనా అడిగివుంటే మీసం దువ్వుకుని చెప్పేవాణ్ణి, సూర్యుడి తొలికిరణమని. ఇప్పుడు అడిగితే మాట మారుస్తాను.

వాడు పుట్టింది పట్టపగలు, స్వాతి రెండో పాదంలో. అయ్యవారు పంచాంగం చూసి, స్వాతికి రూ, రే, రో, తా అక్షరాలనీ, మా వాడికి వచ్చేది రే అనీ చెప్పినాడు. మా ఇంట్లో తొలి మనవడికి తాత పేరు పెట్టడం ఆనవాయితీ. మా నాయన తిమ్మరాయప్ప. నా పేరు ముందు 'టి' అనే ఒక్క ఇంగ్లీషు అక్షరంగా ఎట్లాగూ ఉన్నాడు కదా, అది చాలులే అనుకున్నాను. ఊత్తంగరైలో ఇంగ్లీషు బడికి పోబోయే బిడ్డను తిమ్మరాయప్పా అని పిలిస్తే పిల్లలు నవ్వరా? "పోనీ, రేవంత్ అని పెట్టుకోండి" అన్నాడు అయ్యవారు. మా వీధిలోనే ఒక రేవంత్ ఉన్నాడు. దీపాలు పెట్టే వేళకు వాళ్లమ్మ కేక మా నడవలోకి వినిపిస్తుంది. నాకు ఊళ్లో ఎవరికీ లేని పేరు కావాలి.

ఫోను తెరిచినాను. రేయాంశ్ కంటబడింది. నాలుగు చోట్ల వెతికితే నాలుగు చోట్లా ఒకే అర్థం. నలుగురు ఒకే మాట చెప్తే నిజమే అయివుంటుందని నమ్మినాను. పరీక్షల్లో పక్కవాడి పేపరు చూసి రాసిన నాకే ఆ అనుమానం రాకపోవడం విడ్డూరం.

ఈ పేర్లలో ఏముందని ఇట్లా పడిపోతామో నాకు బాగా తెలుసు, పడినవాణ్ణి కదా. తిమ్మరాయప్ప అనగానే మా దేవుడెవరో, మేము ఏ వైపువాళ్లమో, ఇంట్లో ఏ భాష మాట్లాడతామో ఎదుటివాడికి సగం తెలిసిపోతుంది. రేయాంశ్ అంటే ఏమీ తెలియదు. ఊరు లేదు, కులం లేదు, వయసు లేదు. హైదరాబాదులోనూ చెల్లుతుంది, హ్యూస్టన్‌లోనూ చెల్లుతుంది. తమిళ ఊళ్లో తెలుగిల్లు మాది. తెలుగు నోటికి, తమిళం చేతికి. ఇంటిపేరు కూడా కాగితాల్లో ఉండదు, సంబంధాలు చూసేటప్పుడు మాత్రమే బయటికొస్తుంది. ఎవరికీ ఏమీ చెప్పని పేరు హాయిగా ఉంటుందని లోలోపల అనిపించిందేమో. ఆ మాట అప్పుడు ఒప్పుకోలేదు, ఇప్పుడు ఒప్పుకుంటున్నాను.

తొందర మాత్రం నా సొంతం. 1969 నాటి జనన మరణాల నమోదు చట్టం ప్రకారం పేరు లేకుండానే బిడ్డ పుట్టుక నమోదు చేయించవచ్చు. 12 నెలల లోపల పేరు చేర్పిస్తే రుసుము లేదు. ఆ తరువాత కూడా రుసుము కట్టి 15 ఏళ్ల దాకా చేర్చుకోవచ్చు. సర్కారు పదిహేనేళ్లు ఓపిక పడతానంటే నేను పదకొండు దినాలు పట్టలేకపోయినాను. మధ్యలో ఒక సంఖ్యాశాస్త్రం ఆయన అయిదువందలు పుచ్చుకుని ఇంగ్లీషు స్పెల్లింగులో ఇంకో 'ఎ' చేర్పించినాడు. ఆ 'ఎ' వల్ల కలిసొచ్చింది ఇంతవరకు ఆయనకే.

తొట్టిల్లో వేసే దినం బిడ్డ చెవిలో మూడుసార్లు పేరు చెప్పాల్సింది మా అమ్మ. ముందు నన్ను పక్కకు పిలిచింది.

"ఏంరా అబ్బయా, రేయంటే రాత్రి కదరా? పగులు పుట్టిన బిడ్డకు రాత్రి పేరేందిరా?"

"అది సంస్కృతంమా, నీకు తెలీదు."

ఆమె వంగి, "రేయాంశూ, రేయాంశూ" అంది. మూడోసారికి నేను అడ్డుపడినాను. "చివర ఉ లేదమ్మా. రేయాంశ్, అంతే." బంధువులంతా ఉన్నారు. మూడోసారి పలకలేక నోరు మెదిపి ఊరుకుంది. ఈ మొత్తం కథలో నాకు అన్నిటికన్నా సిగ్గయ్యేది ఇదే.

బడిలో చేర్చినాక పేరు ఇంకో వేషం కట్టింది. మాట మొదట ర రాకూడదన్నది తమిళంలో పాత వ్యాకరణ మర్యాద. అందుకే రాముడు ఇరామన్, రంగడు అరంగన్ అవుతారు. మా వాడి తమిళం నోటుబుక్కు మీద 'ఇరేయాన్ష్' అని రాసివచ్చింది. ఎదురింటి అవ్వ అంతకన్నా సులువు చేసుకుంది, రేయాన్ అంటుంది. చెక్కగుజ్జుతో చేసిన నకిలీ పట్టును రేయాన్ అంటారు. ఆమె ఎగతాళికి అనలేదు. చీరలు అమ్మిన మనిషి, నోటికి వచ్చిన మాట అది.

పోయిన ఏడు కృష్ణగిరిలో ఒక పెళ్లికి పోతే, పంక్తిలో నా పక్కన రిటైరైన తెలుగు అయ్యవారు కూర్చున్నాడు. పిల్లవాడి పేరు అడిగినాడు. అర్థం అడగకముందే చెప్పినాను. ఆయన పప్పన్నం కలుపుతూ ఆగినాడు.

"అంశ అంటే వంతు నాయనా. కిరణమంటే అంశువు. చల్లని కిరణాలవాడు కాబట్టి చంద్రుడు హిమాంశువు. కిరణాలే మాలగా గలవాడు కాబట్టి సూర్యుడు అంశుమాలి. నువ్వు కొమ్ము పారేసుకున్నావు, దాంతోబాటే కిరణమూ పోయింది."

"మరి రే?"

"సంస్కృతంలో రే అంటే పిలుపు, మన ఒరే లాగా. ఇంగ్లీషులో అయితే కిరణం. తెలుగులో రేయి. తెలుగు రేయికి సంస్కృతం అంశ అతికిస్తే వైరి సమాసం. రేతో మంచి పేరే ఉందే, రేవంతుడు. సూర్యుడి కొడుకు. సంజ్ఞాదేవి ఆడగుర్రం రూపంలో ఉన్నప్పుడు పుట్టినవాడు, మార్కండేయ పురాణంలో వస్తాడు."

సూర్యుడి కిరణం కోసమని సూర్యుడి కొడుకునే వదులుకున్నానన్నమాట. పాయసం వడ్డించినారు, రుచి తెలియలేదు. బస్సులో వస్తుంటే మా అమ్మ గుర్తొచ్చింది. మాట చివర అచ్చు లేనిదే ఆమె నాలుక తిరగదు. ఆ తెలుగు నాలుకే కొమ్మును తనంతట తాను పెట్టింది. రేయీ ఉంది, అంశువూ ఉంది. వ్యాకరణం ఒప్పుకోకపోయినా వెన్నెల అని చెప్పుకోవచ్చు. దాన్ని పదిమందిలో దిద్దినవాణ్ణి నేను.

ఇంటికి రాగానే ఆమెకు చెప్పినాను. "అట్లనా" అని బియ్యంలో రాళ్లు ఏరుకుంటూ కూర్చుంది. తరువాత వాకిట్లోకి చూసి "రేయాంశూ, అన్నం తిందువు రా" అని పిలిచింది. ఆరేళ్లుగా నా చాటున అట్లాగే పిలుస్తోందట. వాడు పలికేదీ ఆ పిలుపుకే. పుట్టుక సర్టిఫికెట్టులో మాత్రం కొమ్ము లేదు.