వాటా ఉంటే మందు, లేకుంటే మాదకం

వైద్యానికి తప్ప మరెందుకూ మత్తు పానీయాలను గానీ, ఆరోగ్యానికి చేటు చేసే మాదక ద్రవ్యాలను గానీ వాడకుండా నిషేధం తేవడానికి ప్రభుత్వం పాటుపడాలని రాజ్యాంగం 47వ అధికరణం చెబుతోంది. రాసిన పెద్దలు పానీయాన్నీ ద్రవ్యాన్నీ ఒకే పంక్తిలో కూర్చోబెట్టారు. మన ఏలినవారు వడ్డన దగ్గర తేడా చూపించారు. ద్రవ్యం మీద కేసులు పెట్టారు, పానీయాన్ని కేసుల లెక్కన అమ్మారు. 2023లో తెలంగాణలో 2,620 మద్యం దుకాణాలకు 1.31 లక్షలకు పైగా దరఖాస్తులు వచ్చాయి. ఒక్కోదానికి రుసుము 2 లక్షలు. దుకాణం తగలకపోయినా ఆ సొమ్ము తిరిగి రాదు. అంటే ఒక్క సీసా మూత తియ్యకముందే ఖజానాలో 2,600 కోట్లు పడ్డాయి. మరుసటి ఏడాది ఆంధ్రప్రదేశ్‌లో 3,396 దుకాణాలకు దాదాపు 90 వేల దరఖాస్తులు, అదే రుసుము, సుమారు 1,800 కోట్లు. ఇక 20 కిలోలు దాటిన గంజాయితో దొరికినవాడికి మాదక ద్రవ్యాల చట్టం పదేళ్ల నుంచి ఇరవై ఏళ్ల జైలు, లక్ష నుంచి 2 లక్షల జరిమానా రాసిపెట్టింది. జరిమానా గరిష్ఠమూ దరఖాస్తు రుసుమూ ఒకటే అంకె. పాపానికీ పుణ్యానికీ రేటు ఒకటే అయినప్పుడు తేడా ఎక్కడుందో వెతకాలి. మత్తు ఎక్కడం ఈ దేశంలో ఏనాడూ నేరం కాలేదు. సర్కారుకు వాటా దక్కకుండా మత్తెక్కడమే నేరం. ఈ సూత్రానికి రెండున్నర శతాబ్దాల చరిత్ర ఉంది.

మొదటి పాఠం చెప్పింది ఈస్టిండియా కంపెనీ. 1773లో వారన్ హేస్టింగ్స్ బెంగాల్ నల్లమందు వ్యాపారాన్ని కంపెనీ గుత్తకిందికి తెచ్చాడు. బీహారు, బెనారసు రైతు గసగసాలు వేసి, కాయకు గాటు పెట్టి తీసిన పాలను కంపెనీకే, కంపెనీ చెప్పిన ధరకే పోయాలి. ఇంకొకడికి అమ్మితే దొంగసరుకు. కంపెనీ మాత్రం కలకత్తాలో దాన్ని బహిరంగంగా వేలం వేసేది. వేలంలో కొన్న ప్రైవేటు వర్తకులు చైనాకు చేరవేసేవారు. చైనాలో నల్లమందు నిషేధం కనుక కంపెనీ తన ఓడల్లో ఎక్కించదు. చట్టమంటే దానికి అంత భక్తి! 1839లో చైనా అధికారి లిన్ జెషు 20 వేలకు పైగా పెట్టెల సరుకును స్వాధీనం చేసుకుని హ్యూమెన్ తీరంలో ధ్వంసం చేయించాడు. ఇవాళ మన దగ్గర ఆ పని చేసిన అధికారికి పతకం ఇస్తారు. అప్పుడు బ్రిటన్ యుద్ధనౌకలు పంపింది. 1842 నాన్‌కింగ్ సంధితో హాంకాంగ్‌ను పుచ్చుకుని, ధ్వంసమైన నల్లమందు ఖరీదును కూడా పరిహారంలో కలిపి వసూలు చేసింది. మత్తు మీద యుద్ధం అని ఇప్పుడు నాయకులు వేదికలెక్కి చెబుతుంటారు గానీ, చరిత్రలో నిజంగా ఫిరంగులు పేలింది మత్తు తరఫునే.

దొరలు పోయారు, దుకాణం పోలేదు. 1820లో మొదలైన గాజీపూర్ నల్లమందు కర్మాగారం నేటికీ ప్రభుత్వానిదే, నీమచ్‌లో ఇంకొకటి. మధ్యప్రదేశ్, రాజస్థాన్, ఉత్తరప్రదేశ్ రైతులు కేంద్రం లైసెన్సుతో గసగసాల పంట వేస్తారు. సాయంకాలం కాయకు గాటు పెట్టడం, తెల్లారి కారి గట్టిపడిన జిగురును గీకి తీయడం, గ్రాము తగ్గకుండా తూకానికి తేవడం: పద్ధతి కంపెనీ నాటిదే. నిర్ణయించిన దిగుబడి రాకపోతే మరుసటి ఏడు లైసెన్సు గోవిందా. తూకానికి తెచ్చిన జిగురు జాతి సంపద, ఇంట్లో దాచుకున్నది జాతిద్రోహం. జిగురు ఒకటే, కాయ ఒకటే. మధ్యలో ఉన్నది తక్కెడ, దాని వెనక కూర్చున్న గుమాస్తా.

గంజాయి కథ ఇంతకన్నా రసవత్తరం. 1893లో బ్రిటిష్ పార్లమెంటులో లేచిన ప్రశ్నకు జవాబుగా గంజాయి, భంగు, చరస్‌ల మీద ఒక కమిషన్ వేశారు. సుమారు 1,200 మంది సాక్షుల్ని విచారించి ఏడు సంపుటాల నివేదిక ఇచ్చారు. గంజాయి తాగితే పిచ్చెక్కుతుందన్న నమ్మకం ఎంతవరకు నిజమో తేల్చడానికి పిచ్చాసుపత్రుల రిజిస్టర్లు తిరగేశారు. అక్కడ తేలిందేమిటంటే, రోగిని తెచ్చిన పోలీసులు జబ్బుకు కారణం అన్న గడిని ఖాళీగా వదల్లేక గంజాయి అని రాయడం, ఆసుపత్రి వాళ్లు దాన్నే దించుకోవడం, ఏడాది చివర అది గణాంకంగా అచ్చయి కూర్చోవడం. మితంగా వాడితే చెప్పుకోదగ్గ హాని లేదు, అతిగా వాడితే ఉంది, నిషేధం అనవసరం, పన్ను వేసి అదుపు చేస్తే చాలు అని కమిషన్ 1894లో తేల్చింది. పన్ను మీద కన్నుతోనే అలా రాశారని అనవచ్చు. నిజమే కావచ్చు. అయితే ఆ రిజిస్టర్ల గుట్టు అబద్ధమైపోదు. పైగా అనుమానం రెండువైపులా వర్తిస్తుంది: పన్ను కోసం హాని లేదన్నవాళ్లను శంకించేటట్టయితే, పన్ను కోసం సారా ప్యాకెట్లు కుట్టించినవాళ్లను ఏమనాలి?

స్వతంత్ర భారతం 1961 నాటి ఐక్యరాజ్యసమితి ఒప్పందంలో చేరింది. గంజాయి వాడకాన్ని పాతికేళ్లలో మాన్పిస్తామని ఒప్పుకుంది. గడువు దగ్గరపడ్డాక 1985లో మాదక ద్రవ్యాల చట్టం చేసి, నవంబర్ 14న, బాలల దినోత్సవం రోజున, అమల్లోకి తెచ్చింది. ఆ చట్టం గంజాయిని నిర్వచించిన తీరు చూసి వృక్షశాస్త్రవేత్తలు చేతులు జోడించాలి. మొక్క పూలగుత్తి గంజాయి. గుత్తి లేకుండా ఉన్న ఆకు గంజాయి కాదు. కాబట్టి ఆకు నూరిన భంగు వారణాసిలో ప్రభుత్వ అనుమతి బోర్డు కింద అమ్ముకోవచ్చు, మహాశివరాత్రికి పాలల్లో కలుపుకోవచ్చు. కొమ్మ మీద నాలుగంగుళాలు పైకి పోతే మాత్రం జైలు. అత్త కొట్టిన కుండ అడుగోటి కుండ, కోడలు కొట్టిన కుండ కొత్త కుండ అని మన ఆడవాళ్లు చెప్పిందే పార్లమెంటు శాసనభాషలో రాసింది.

మన సొంత చరిత్రలో ఈ సూత్రం ఇంకా స్పష్టంగా కనబడుతుంది. 1879లో రంప మన్యం తిరగబడటానికి ప్రధాన కారణాల్లో ఒకటి కల్లు. తమ చెట్టు తాము గీసుకుని తాగే కొండవాళ్ల మీద మన్సబ్‌దారు చిగురుపన్ను వేశాడు, ఆబ్కారీ చట్టం గుత్తేదార్లను దించింది. కొండవాడు తాగడం సర్కారుకు అభ్యంతరం కాలేదు, ఊరకే తాగడం అభ్యంతరమైంది. 1937లో రాజాజీ మద్రాసు రాష్ట్రంలో మద్యనిషేధాన్ని సేలంలో మొదలుపెట్టి, మరుసటి ఏడు మన చిత్తూరు, కడప జిల్లాలకు తెచ్చారు. పోయిన రాబడి పూడ్చుకోవడానికి 1939లో అమ్మకపు పన్ను పెట్టారు. తర్వాత నిషేధం పోయింది, మద్యం వచ్చింది, అమ్మకపు పన్ను ఎక్కడికీ పోలేదు. 1980లలో ఎన్టీఆర్ ప్రభుత్వమే వారుణి వాహిని పేరిట సారాను ప్యాకెట్లలో ఊరూరా పారించింది. రాష్ట్ర ఆబ్కారీ రాబడి 1970-71లో 39 కోట్లుంటే 1991-92 నాటికి 812 కోట్లకు చేరింది. 1992లో నెల్లూరు జిల్లా దూబగుంట ఆడవాళ్లు చీపుర్లు పట్టుకుని సారా దుకాణం మూయించాక ఉద్యమం రాష్ట్రమంతా పాకింది. 1993 అక్టోబర్‌లో సారా పోయింది, 1995 జనవరిలో అదే ఎన్టీఆర్ చేతుల మీదుగా సంపూర్ణ నిషేధం వచ్చింది, 1997లో చంద్రబాబు దాన్ని సడలించారు. కారణాలుగా చెప్పినవి: పొరుగు రాష్ట్రాల నుంచి దొంగసరుకు, కల్తీసారా, అమలు చేయలేకపోవడం, ఖజానాకు గండి. ఈ నాలుగు కారణాలను పాఠకులు గుర్తుపెట్టుకోవాలి.

ఎందుకంటే గంజాయి విషయంలో మొదటి మూడూ అచ్చుగుద్దినట్టు ఉన్నాయి, నాలుగోదే లేదు. అందుకే నిషేధం నిక్షేపంగా కొనసాగుతోంది. నాడు కల్లు కోసం తిరగబడ్డ ఆ మన్యపు కొండల బారులోనే నేడు గంజాయి తోటలు నరుకుతున్నారు. విత్తనమూ పెట్టుబడీ పైనుంచి వచ్చిన వ్యాపారి ఇస్తాడు, కొనేదీ అతనే, ఇంకో పంటకు రాని ధర ఇచ్చేదీ అతనే. తోటలో దొరికేది గిరిజనుడు, చెక్‌పోస్టులో దొరికేది డ్రైవరు. 20 కిలోలు దాటితే బెయిలు రావడమే గగనం. 2022 ఫిబ్రవరిలో పోలీసులు అనకాపల్లి దగ్గర 2 లక్షల కిలోల గంజాయిని కుప్పపోసి తగలబెట్టారు. ఫొటోలు బాగా వచ్చాయి. సరుకు రావడం ఆగలేదు కాబట్టి ఆ తర్వాత ఈగల్ అని కొత్త దళాన్ని పెట్టారు.

అయితే గంజాయిని కూడా బెల్టు షాపుల్లో అమ్మించమంటావా అని కోపగించుకునేవారు ఉంటారు. హాస్టళ్లలో పిల్లలు పాడైపోతున్నారన్న తల్లిదండ్రుల భయం బూటకం కాదు. కుర్ర వయసులో గంజాయి బుర్రకు చేటు చేస్తుంది, హెరాయిన్ ప్రాణమే తీస్తుంది. ఆ భయానికి విలువ ఇచ్చేవాళ్లు లెక్క మాత్రం పూర్తిగా వెయ్యాలి. కేంద్రం ఎయిమ్స్ చేత చేయించి 2019లో విడుదల చేసిన సర్వే ప్రకారం గంజాయి, చరస్ వాడేవారు 1.3 కోట్లు, మద్యం తాగేవారు 16 కోట్లు, వారిలో చికిత్సో సాయమో కావలసినవారే 5.7 కోట్లు. 2019లో ప్రపంచవ్యాప్తంగా మద్యం వల్ల 26 లక్షల మంది, ఇతర మత్తుమందుల వల్ల 6 లక్షల మంది పోయారని ప్రపంచ ఆరోగ్య సంస్థ అంచనా. హానిని బట్టే చట్టమైతే ముందు మూతపడాల్సింది ఏ దుకాణమో చెప్పనక్కర్లేదు. మద్యం వాడకం ఎక్కువ, అందుకే చావులూ ఎక్కువ అంటారు. ఒప్పుకుందాం. వాడకం అంత పెరగడానికి ఊరూరా దుకాణం పెట్టించి, 99 రూపాయలకు క్వార్టర్ సీసా అందుబాటులోకి తెచ్చిన పుణ్యం ఎవరిదో కూడా ఒప్పుకోవాలి కదా. అంతర్జాతీయ ఒప్పందాలు చేతులు కట్టేశాయన్నది ఇంకో సాకు. 2020 డిసెంబర్‌లో వియన్నాలో గంజాయిని అత్యంత ప్రమాదకర జాబితా నుంచి తొలగించే తీర్మానం 27-25 ఓట్లతో గట్టెక్కింది. అనుకూలంగా ఓటేసిన దేశాల్లో భారత్ ఒకటి. అదే ఏడాది మన టీవీ చానళ్లు ఎవరింట్లో ఎన్ని గ్రాములు దొరికాయో పొద్దస్తమానం తూచి చెప్పాయి.

ఇంత కఠినత్వానికి గట్టి దెబ్బ తిన్నది ముఠాలు కాదు, క్యాన్సర్ రోగులు. నల్లమందు నుంచి వచ్చే మార్ఫిన్ చివరి దశ నొప్పికి చవకైన మందు. 1985 చట్టం తెచ్చిన లైసెన్సుల చిక్కుముళ్లకు, శిక్షలకు జడిసి ఆసుపత్రులు దాన్ని ఉంచడమే మానేశాయి. దేశంలో మార్ఫిన్ వాడకం 97 శాతం పడిపోయి 1997 నాటికి 18 కిలోలకు దిగింది. అదే కాలంలో మనం ప్రపంచానికి నల్లమందు ఎగుమతి చేస్తూనే ఉన్నాం. 47వ అధికరణం వైద్యానికి మినహాయింపు ఇచ్చింది. చట్టం ఆ మినహాయింపునే నిషేధించినంత పని చేసింది. సరిదిద్దడానికి 2014 సవరణ దాకా, 29 ఏళ్లు పట్టింది. ఆ మధ్యకాలంలో మూలుగుతూ పోయినవాళ్ల ఓట్లు ఎవరికీ పడవు, వాళ్ల నుంచి దరఖాస్తు రుసుమూ రాదు.

కాబట్టి గంజాయికి దుకాణం తెరవమని గానీ, మద్యం దుకాణాలన్నీ రేపే మూయమని గానీ ఎవరూ ఏలినవారిని అడగనక్కర్లేదు. రెండింటినీ ఒకే తక్కెడలో తూచమని అడిగితే చాలు. హానిని బట్టి అదుపు, రోగికి చికిత్స, అసలు వ్యాపారికి శిక్ష: ఇది మద్యానికి న్యాయమైతే గంజాయికీ న్యాయమే. అంతవరకు ఎక్సైజు రాబడి పెరిగిందని బడ్జెట్ ప్రసంగంలో చెప్పుకున్న మంత్రివర్గానికి మత్తులేని సమాజం గురించి బడిపిల్లల చేత ప్రమాణం చేయించే అర్హత లేదు.