ఇంటిపేరు కలిస్తే చాలు

మన దగ్గర ఇద్దరికి ఇంటిపేరు కలిస్తే "మీదే ఊరండీ?" అంటూ చుట్టరికం లెక్కలు తీస్తారు. అమెరికా రక్షణ శాఖ అంతకంటే ముందుకెళ్లింది. ఇంటిపేరు కలిస్తే చాలు, ఒక చనిపోయినవాడి బోర్డు కింద ఇంకో చనిపోయినవాణ్ని నిలబెట్టి దండ వేస్తోంది.

సంగతేమిటంటే, బానిసత్వాన్ని కాపాడుకోవడానికి 1861లో అమెరికా మీదే తిరగబడిన దక్షిణాది సేనాధిపతుల పేర్లు అమెరికా సైన్యానికే చెందిన తొమ్మిది స్థావరాలకు ఉండేవి. రెండు ప్రపంచ యుద్ధాల కాలంలో దక్షిణాదిలో శిబిరాలు కట్టాల్సి వచ్చి, అక్కడి పెద్దమనుషుల మనసు నొప్పించకుండా పెట్టిన పేర్లవి. నల్లవాళ్ల మనసు సంగతి అప్పట్లో ఎవరూ అడగలేదు. ఆ సేనాధిపతుల్లో బ్రాక్స్‌టన్ బ్రాగ్ ఒకడు. లూయిజియానాలో బానిసలతో చెరకు తోట నడిపాడు. 1863లో చట్టనూగా దగ్గర ఓడిపోయి సేనాధిపత్యం వదులుకున్నాడు. సొంత అధికారులకే ఆయనంటే గిట్టదు. నార్త్ కరొలినాలో 1918లో మొదలైన మహా స్థావరానికి వెతికి వెతికి ఆయన పేరే పెట్టారు. గెలిచినవాడి పేరు పెడితే దిష్టి తగులుతుందనుకున్నారేమో!

ఈ పేర్లు తీసేయాలని అమెరికా కాంగ్రెస్ చట్టం చేస్తే ట్రంప్ వీటో చేశారు. 2021 జనవరి 1న ఆ వీటోను కూడా కాంగ్రెస్ కొట్టేసింది. కమిషన్ వేశారు, అన్ని మార్పులకూ కలిపి 6.25 కోట్ల డాలర్లు అవుతుందని లెక్క కట్టారు. 2023లో తొమ్మిది బోర్డులూ మారాయి. ఫోర్ట్ బ్రాగ్ ఫోర్ట్ లిబర్టీ అయింది. ఫోర్ట్ బెన్నింగ్‌కు హాల్ మూర్, జూలియా మూర్ దంపతుల పేరు పెట్టారు. వియత్నాం యుద్ధంలో కొడుకో మొగుడో చనిపోయిన కబురు టెలిగ్రాం రూపంలో టాక్సీ డ్రైవర్ చేత పంపేవారు. జూలియా ఆ ఇళ్లకు స్వయంగా వెళ్లి ఓదార్చి, ఈ పద్ధతి మారేదాకా పోరాడింది. ఫోర్ట్ లీకి ఇద్దరు నల్లజాతి అధికారుల పేర్లు వచ్చాయి. వాళ్లలో జనరల్ ఆర్థర్ గ్రెగ్ అప్పటికి బతికే ఉన్నారు, వేడుకకు వచ్చారు కూడా.

2025లో ట్రంప్ మళ్లీ వచ్చారు. పాత పేర్లు కావాలి, కానీ చట్టం అడ్డం. పాము చావకూడదు, కర్ర విరగకూడదు. ఆఫీసులో ఏం జరిగి ఉంటుందో ఊహించుకోవచ్చు.

"ఏమయ్యా, మన రికార్డుల్లో బ్రాగ్ అనేవాడు ఇంకెవడైనా ఉన్నాడా?"

"ఉన్నాడు సార్. రోలాండ్ బ్రాగ్. రెండో ప్రపంచ యుద్ధం, సిల్వర్ స్టార్."

"ఏం చేశాడు?"

"జర్మన్ల అంబులెన్సు కొట్టేసి..."

"చాలు చాలు. స్పెల్లింగ్ సరిపోయిందా?"

ఫిబ్రవరిలో రక్షణ మంత్రి హెగ్సెత్ గారు విమానంలోనే సంతకం పెట్టి, బ్రాగ్ తిరిగొచ్చాడని సంబరంగా ప్రకటించారు. మెయిన్ రాష్ట్రం నుంచి వెళ్లి, గాయపడిన సైనికుణ్ని ఆ అంబులెన్సులో ఆసుపత్రికి చేర్చిన రోలాండ్ నిజంగా వీరుడే. కానీ నార్త్ కరొలినా స్థావరానికి ఆయన పేరు ఎప్పుడుందని తిరిగి రావడానికి?

అక్కడి నుంచి పని చకచకా సాగింది. మొదటి ప్రపంచ యుద్ధంలో ఒక బెన్నింగ్ దొరికాడు, ఒక హుడ్ దొరికాడు. లీ కోసం వెతికితే 1898లో క్యూబాలో వీరపతకం సంపాదించిన ఫిట్జ్ లీ అనే నల్లజాతి సిపాయి దొరికాడు. బ్రహ్మాండం! ఈలోగా జూన్‌లో ట్రంప్ సైనికుల ముందు మాట్లాడుతూ ఫోర్ట్ రాబర్ట్ ఇ. లీ పేరు తిరిగి పెడుతున్నామనేశారు. కింద సైన్యం ప్రకటనలో ఫిట్జ్, పైన అధ్యక్షుల వారి నోట దక్షిణాది సేనాధిపతి రాబర్ట్. గుట్టు దాచే పని సైన్యానిది, బయటపెట్టే పని అధ్యక్షులది.

అసలు ఘనకార్యం ఇంకో దక్షిణాది సేనాధిపతి ఏ.పీ. హిల్ పేరున్న స్థావరం దగ్గర జరిగింది. (ఏపీ అంటే మన ఏపీ కాదు లెండి.) ఆ పేరుతో ఇంకో మనిషి దొరకలేదు. అందుకని ఆండర్సన్, పిన్, హిల్ అని ముగ్గుర్ని పట్టుకొచ్చి వరసగా నిలబెట్టారు. ముగ్గురూ ఏ.పీ. హిల్ ఉన్న పక్షంతో యుద్ధం చేసి పతకాలు పొందిన ఉత్తరాది సైనికులు. ముగ్గురూ కలిసి ఇప్పుడు శత్రువు పొడి అక్షరాలు మోస్తున్నారు. వాళ్లకు చోటివ్వడానికి దించింది డాక్టర్ మేరీ వాకర్ పేరు. అమెరికా అత్యున్నత వీరపతకం పొందిన ఏకైక మహిళ ఆవిడ.

మన ప్రభుత్వాలకు ఈ కిటుకు తెలియక అనవసరంగా కష్టపడ్డాయి. విజయవాడ ఆరోగ్య విశ్వవిద్యాలయం 2022లో ఎన్టీఆర్ నుంచి వైఎస్సార్‌కు మారి, 2024లో మళ్లీ ఎన్టీఆర్‌కు వచ్చింది. ప్రతిసారీ అసెంబ్లీలో బిల్లు, గొడవ. అయినా మనవాళ్లలో ఒక నిజాయితీ ఉంది. ఎవరి మీద కోపమో, ఎవరి మీద అభిమానమో బోర్డు మీదే రాసేస్తారు. అదే ఇంటిపేరున్న ఒక హెడ్ కానిస్టేబుల్‌ను వెతికి, ఇదంతా ఆయన కోసమేనని చెప్పరు.

రోలాండ్ పేరు రోలాండ్ జోన్స్ అయి ఉంటే ఆ ఫైలు తెరిచేవారా? తెరిచేవారు కాదు. అక్కడే ఈ గౌరవం విలువ తేలిపోయింది. తిరగబడినవాళ్లంటే అంత ప్రేమ ఉంటే ఆ మాట కాంగ్రెస్‌లో చెప్పి చట్టం మార్చుకోవాలి. ఆ ధైర్యం లేనప్పుడు, దేశం కోసం నెత్తురు చిందించిన సామాన్య సిపాయిలను ముసుగుగా వాడుకోవడం మానాలి.