సెటప్ సూత్రానికి టీకా

మూలం:
ఫైళ్లు విప్పబడుచున్నవి – సెటప్-1.బిన్
మిగిలిన సమయము – 1 నిమిషము

అవతారిక: డేటా ప్యాక్ చాలక, కుదించిన గేమ్ దించుకున్న కుర్రవాడికి సెటప్ విండోలో దర్శనమిచ్చే సూత్రమిది. ఛందస్సు లేదు, యతి ఎక్కడపడితే అక్కడే.

ప్రతిపదార్థం: సెటప్-1.బిన్ = ఆట సర్వస్వమును అణచి కట్టిన మూట; విప్పబడుచున్నవి = ప్రాసెసర్ కాగుచున్నది, ఫ్యాను ఘోషించుచున్నదని భావము; 1 నిమిషము = దీనిని అరవై సెకన్లుగా గ్రహింపరాదు.

తాత్పర్యం: ఫైలును కుదించేటప్పుడు, ఒకసారి వచ్చిన సమాచారం మళ్లీ వస్తే తిరగరాయకుండా, ‘ఇంత వెనక్కి వెళ్లు, ఇంత పొడవు తీసుకో’ అని గుర్తు పెట్టి ఊరుకోవచ్చు. అబ్రహాం లెంపెల్, జేకబ్ జివ్ 1977లో ప్రకటించిన పద్ధతి ఇదే. దానికే సానబట్టి ఇగోర్ పావ్‌లోవ్ ఫైళ్లను కుదించే తన 7-జిప్ ప్రోగ్రాంలో ఎల్‌జెడ్‌ఎంఏ పద్ధతి తెచ్చాడు.

చిక్కేమిటంటే, చాలా ఆటల ఫైళ్లు జెడ్‌లిబ్ వంటి కుదింపు సాధనాలతో ముందే కుదించి ఉంటాయి. పిండిన గుడ్డను మళ్లీ పిండితే చుక్క రాలదు. అందుకని క్రిస్టియన్ ష్నైడర్ రాసిన ప్రీకాంప్ వంటి సాధనాలు ముందు ఆ పాత కుదింపును విప్పేస్తాయి. అది ఏ లెక్కన జరిగిందో రాసిపెట్టుకుంటాయి. ఆపైన ఎల్‌జెడ్‌ఎంఏ గట్టిగా బిగిస్తుంది. ఇన్‌స్టాల్ చేసేవాడి ఇంట్లో ఈ తతంగమంతా వెనక నుంచి ముందుకు నడవాలి. మూట విప్పడం తొందరగానే అవుతుంది. లోపలివాటిని ఒక్క బైటు తేడా రాకుండా పాత పద్ధతిలో మళ్లీ కుదించడం దగ్గరే పొద్దుగూకుతుంది. పై నిమిషానికి అంత నిడివి అందుకే.

మెదక్ ప్రాంతపు వ్యాఖ్యాత కోలాచల మల్లినాథసూరి కాళిదాసు శ్లోకాలను టీకతో విప్పినప్పుడు ఈ తిరిగి కుదించే బాధ ఆయనకు లేదు.

పూర్వపక్షం: ఆటల కంపెనీలే బాగా కుదించి ఇవ్వవచ్చు కదా?

సమాధానం: వాళ్ల బెంగ వేరు. 2014లో పీసీకి వచ్చిన టైటాన్‌ఫాల్ ఆట డిస్కులో 48 జీబీ ఆక్రమించింది. అందులో 35 జీబీ కుదించని శబ్దాలే. రెండు కోర్ల ప్రాసెసర్లకు ఆట మధ్యలో శబ్దాలు విప్పే భారం ఎక్కువవుతుందని అలా వదిలేశారు. హెల్‌డైవర్స్ 2 కథ మరీ విడ్డూరం. పాత హార్డ్ డిస్కుల్లో త్వరగా దొరకాలని ఒకే ఫైలుకు అనేక నకళ్లు పెట్టారు. 2025లో ఆ నకళ్లు తీసేస్తే సుమారు 150 జీబీ ఆట 23 జీబీకి దిగింది. లోడింగ్ సమయం మాత్రం పెద్దగా మారలేదు!

పాఠాంతరం: కొన్ని ప్రతుల్లో రెండవ పాదానికి బదులు ‘సీఆర్‌సీ ఎర్రర్’ అని కనిపిస్తుంది. డౌన్‌లోడ్‌లో ఫైలు చెడినా, ర్యామ్‌లో దోషమున్నా పుట్టే పాఠమిది. అట్టిచోట సెటప్ మూసివేసి, ఆ దోషము సరిచేసి, ప్రథమ పాదం నుంచి పునశ్చరణ చేయవలెను.