రెండు చెంచాలు

కాశీబుగ్గలో జీడిపప్పు వ్యాపారి దగ్గర గుమస్తాగా చేసి మానేసిన పెద్దాయనకి వాంతులు పట్టుకున్నాయి. అది 2024 జనవరి.

ఆ ఉద్దానం ప్రాంతంలో వాంతి వస్తే ఎవరూ అజీర్ణం అనుకోరు. కవిటి, సోంపేట, మందస, వజ్రపుకొత్తూరు, ఏ మండలంలో అడిగినా కిడ్నీ జబ్బుతో పోయిన మనిషి పేరు ఒకటి చెబుతారు. ఆకలి తగ్గినా, కాళ్లు పొంగినా, వాంతి అయినా అక్కడ ముందు వచ్చే ప్రశ్న ఒక్కటే, క్రియాటినిన్ ఎంత అని. పలాసలో రెండు వందల పడకల కిడ్నీ ఆస్పత్రి అప్పటికి నెల కిందట, 2023 డిసెంబరులో మొదలైంది. కొడుకు తండ్రిని అక్కడికే తీసుకెళ్లాడు. క్రియాటినిన్ 1.1 వచ్చింది. కిడ్నీలు బాగున్నాయన్నారు. పెద్దావిడ పాతపట్నం వెళ్లి నీలమణి దుర్గకి కొబ్బరికాయ కొట్టి వచ్చింది.

కిడ్నీ కాదని తేలాక ఆ వాంతుల్ని ఇంట్లో ఎవరూ లెక్కచేయలేదు. ఉద్దానం కష్టాల్లో ఇదీ ఒకటి. పెద్ద జబ్బు లేదంటే చాలు, ఇంకే జబ్బూ లేనట్టే. వీధి చివర డాక్టరు గ్యాస్ మాత్ర రాశాడు.

పెద్దాయనకి షుగరు వచ్చి ఇరవై రెండేళ్లు. రెండు పూటలా ఇన్సులిన్ వేసుకుని కంచం ముందు కూర్చునేవాడు. నాలుగు ముద్దలకే కడుపు నిండిపోయిందని లేచిపోయేవాడు. తిన్నది తక్కువే అయినా తెల్లవారి వేలు గుచ్చి చూస్తే 280. ఒక్కోరోజు 310. మందు డోసు పెంచారు. తెల్లవారి అంకె తగ్గలేదు.

“రాత్రిళ్లు ఎవరో తినిపిస్తున్నారు,” అన్నాడు వీధి డాక్టరు.

ఆ మాట ఇంట్లోకి వచ్చాక ఇల్లు ఇల్లుగా లేదు. పెద్దావిడ జీడిపప్పు డబ్బా దింపి గుండు పప్పు, బద్ద విడివిడిగా లెక్కపెట్టింది. అలమరకి తాళం వేసి చెవి కొంగున కట్టుకుంది. బెల్లం అటక ఎక్కింది. తెల్లవారి అంకె మాత్రం 290. తాళంచెవి తన దగ్గరే ఉంది. కొడుకు పది దాటితే గాని ట్రాన్స్‌పోర్టు ఆఫీసు నుంచి రాడు. ఇక మిగిలింది కోడలు.

కోడలు రాత్రిళ్లు మేలుకుని ఉంటోంది. మావగారి మంచం పక్కనే చాప వేసుకుంటోంది. తలగడ కింద ఒక రూళ్ల పుస్తకం పెట్టుకుంటోంది. అది పిల్లవాడి పాత లెక్కల పుస్తకం. వెనక మిగిలిన కాగితాల మీద గీతలు కొట్టి నాలుగు గళ్లు చేసుకుంది. టైము, తిన్నది, షుగరు, వాంతి.

అందులో ప్రతి పేజీ దాదాపు ఒకేలా ఉంది. రాత్రి ఎనిమిదికి ఇన్సులిన్, అన్నం నాలుగు ముద్దలు. తొమ్మిదిన్నరకి చెమటలు, వణుకు, షుగరు 58. దాని కింద, “గ్లూకోజు రెండు చెంచాలు, నీళ్లలో.” తొమ్మిదీ ముప్పావుకి 84, మాట తేటపడింది. తెల్లవారి ఐదుకి 286. వాంతి గడిలో రాసింది ఇంకా వివరంగా ఉంది. “నిన్న మధ్యాహ్నం తిన్న వంకాయ ముక్క, తిన్నట్టే వచ్చింది.” ఇంకో రోజు, “రాత్రి అన్నం కాదు, పొద్దుటి ఇడ్లీ.” పదో తరగతితో చదువు ఆపించిన పిల్ల. ఆస్పత్రిలో ఇంత శ్రద్ధగా రాసిన కాగితం దొరకడం అరుదు.

పుస్తకం కొడుక్కి దొరికింది. అతను నాలుగు గళ్లూ చదవలేదు. గ్లూకోజు అన్న మాట దగ్గరే ఆగిపోయాడు. తల్లికి చూపించాడు.

“షుగరు మనిషికి గ్లూకోజు పోస్తన్నావా?” అంది పెద్దావిడ.

“వొణికిపోతన్నారత్తా. పిలిస్తే పలకడం నేదు. మరేటి సేయమంటావు?”

“మరి తెల్లారితే మూడొందలేటి?”

“నాకు తెల్దు. ఆ రెండు సెంచాలు తప్ప నానేటీ పెట్నేదు.”

ఎవరూ నమ్మలేదు. రెండు చెంచాలు ఒప్పుకున్న మనిషి మిగతాది దాస్తోందన్నారు. మార్చిలో ఒక ఆదివారం ఆమెని సోంపేట పుట్టింటికి పంపేశారు. గురువారం పెద్దమనుషుల్ని కూర్చోబెడదామన్నారు. ఆమె పొద్దున్నే లేచి పనసపొట్టు ఆవపెట్టి వండింది. మావగారికి అదంటే ఇష్టం. ఆయన రెండు ముద్దలు ఎక్కువే తిన్నాడు. మధ్యాహ్నం బస్సు ఎక్కేముందు ఆమె భర్తతో ఒక్క మాట అంది. “ఆ పుస్తకం పెద్ద డాక్టరుకి చూపించండి.” అతను చూపించలేదు. గురువారానికి పనికొస్తుందని బ్యాగులో పెట్టుకున్నాడు.

ఆ రాత్రి ఎనిమిదికి పెద్దాయన ఇన్సులిన్ వేసుకున్నాడు. కడుపు బరువుగా ఉందని గంజి రెండు గుక్కలు తాగి పడుకున్నాడు. తొమ్మిదిన్నరకి ఆయన పక్కన ఎవరూ లేరు. పదకొండింటికి గురకలో ఏదో తేడా వినిపించి పెద్దావిడ లైటు వేసింది. పక్క తడిసిపోయి ఉంది. మనిషి పలకలేదు. 108 అంబులెన్సు వచ్చింది. వాళ్లు గుచ్చి చూస్తే 31. నరానికి గ్లూకోజు ఎక్కించాక కళ్లు తెరిచాడు. తెల్లవారేసరికి శ్రీకాకుళంలో ఒక ఆస్పత్రిలో ఉన్నాడు.

సోమవారమంతా సెలైను మీదే ఉంచారు. నోటికి ఏమీ ఇవ్వలేదు. మంగళవారం పొద్దున్న కడుపులోకి గొట్టం వేసి చూశారు. డాక్టరు కొద్దిసేపటికే గొట్టం బయటికి తీసేసి, తల్లినీ కొడుకునీ లోపలికి పిలిచాడు.

“పరగడుపున ఉంచాలని చెప్పాం కదా. ఎవరు పెట్టారు?”

పెద్దావిడ తెల్లబోయింది. రెండు రాత్రులూ ఆ మంచం పక్క వదలనిది ఆవిడే.

“నానేటీ పెట్నేదు బాబూ.”

కొడుకు తల్లి ముఖంలోకి చూశాడు.

డాక్టరు తెర మీద బొమ్మ చూపించాడు. కడుపు అడుగున తెల్లటి పీచు ఉండలు కట్టి ఉంది. మధ్యలో ఆవాలు. పెద్దావిడ దగ్గరికి వచ్చి చూసింది.

“పనసపొట్టు,” అంది. “ఆదివారం వండింది.”

డాక్టరు కుర్చీ లాక్కుని కూర్చున్నాడు. పుండు లేదు, గడ్డ లేదు, కడుపు కింది ద్వారం తెరిచే ఉంది, అయినా ఆదివారం కూర మంగళవారం పొద్దుటికీ అక్కడే ఉంది. మామూలు మనిషికి తిన్న అన్నం నాలుగు గంటల్లో దాదాపు అంతా కిందికి దిగిపోవాలి. కడుపు నిమిషానికి మూడుసార్లు ముడుచుకుంటూ దాన్ని నూరి నెడుతుంది. ఆ కదలికని నడిపే నరాన్ని ఏళ్ల తరబడి షుగరు తినేసింది. కదలిక మందగించింది. దీన్ని గ్యాస్ట్రోపరేసిస్ అంటారు. కసాండర్ అనే డాక్టరు 1958లోనే షుగరు రోగుల్లో ఇది చూసి పేరు పెట్టాడు. ఎంత మందగించిందో కొలవడానికి పరీక్ష ఉంది. రేడియోధార్మిక పదార్థం చిటికెడు కలిపిన ఇడ్లీ తినిపించి నాలుగు గంటల పాటు ఫొటోలు తీస్తారు. చివరికి పది శాతం కంటే ఎక్కువ మిగిలితే జబ్బు ఉన్నట్టే. దానికి విశాఖ రాస్తానన్నాడు.

కొడుకు బ్యాగులోంచి పుస్తకం తీశాడు.

“ఇంట్లో ఒకళ్లు గ్లూకోజు పోస్తున్నారు సార్. రాత్రిళ్లు ఇంకా ఏవేం పెట్టారో తెలీదు. అన్నీ దీన్లో ఉన్నాయి.”

డాక్టరు మొదటి పేజీ చూశాడు. రెండోది చూశాడు. తర్వాత ఒక్కో పేజీ వేలితో కిందికి చదువుకుంటూ పోయాడు. వాంతి గడి దగ్గర ఆగి, వెనక్కి తిప్పి మళ్లీ చదివాడు. బయట పేషెంట్లు వరస కట్టి ఉన్నారు. ఆయన పుస్తకం మొత్తం పూర్తిచేశాడు.

“ఈ పుస్తకం జనవరిలోనే ఎవరైనా చదివుంటే గొట్టం వేయకముందే జబ్బు తెలిసేది,” అన్నాడు. “ఇన్సులిన్ టైముకి పనిచేస్తోంది. అన్నం టైముకి దిగట్లేదు. అందుకని తొమ్మిదిన్నరకి 58. ఆ అన్నం అర్ధరాత్రి దాటాక మెల్లగా దిగుతుంది. అప్పటికి మందు అయిపోతుంది. అందుకని తెల్లవారి 286. ఎవరూ ఏమీ పెట్టక్కర్లేదు.”

ఆయన చీటీ రాయడం మొదలుపెట్టాడు. రోజుకి ఐదారుసార్లు కొంచెం కొంచెం. మెత్తగా, నూనె తక్కువగా. పనస, ములక్కాడ లాంటి పీచు కూరలు వద్దు. తిన్నాక పడుకోకూడదు. ఇన్సులిన్ తిండికి ముందు కాదు, తిన్నాక, ఎంత తిన్నాడో చూసి. కడుపు కదలడానికి ఒక మాత్ర, కొన్ని వారాలే.

రాయడం ఆపి మళ్లీ పుస్తకం వైపు చూశాడు.

“ముద్ద దిగకపోయినా నీళ్లలో కలిపింది ఎంతో కొంత దిగుతుంది. ఈ రెండు చెంచాలు ఏ ఒక్క రాత్రి తప్పినా మొన్న ఆదివారం జరిగిందే జరిగేది. పోసిందెవరు?”

కొడుకు మాట్లాడలేదు.

“మా కోడలు బాబూ,” అంది పెద్దావిడ. “పోసిందనే పుట్టింటికి పంపీసినాం.”