‘ఏదో పొరపాటు జరిగింది’ అను మూలానికి అపూర్వవ్యాఖ్య

మూలం

“ఏదో పొరపాటు జరిగింది. మీ ఇంటర్నెట్ కనెక్షన్ సరిచూసుకొని, కాసేపాగి మళ్ళీ ప్రయత్నించండి.”

అవతారిక

ఫోనులోనో కంప్యూటరులోనో ఆడే ఆటకు కొత్త భాగాలు చేర్చడానికీ, పాత దోషాలు దిద్దడానికీ దాన్ని తయారుచేసినవారు అప్పుడప్పుడు పంపే మార్పుల మూటకు అప్‌డేట్ అని పేరు. ఆ మూట దిగుతూ దిగుతూ నడుమ నిలిచిపోయినప్పుడు తెర మీద సాక్షాత్కరించే పై వాక్యద్వయం, రాసినవాడెవడో తెలియకపోవడంలోనూ, ఏ దేశంలో చూసినా ఒకే పాఠంతో దొరకడంలోనూ, పారాయణం చేసినవాడు అర్థం అడగరాదన్న మర్యాదలోనూ అపౌరుషేయాలైన గ్రంథాలకు దీటైనది. ఇంతటి గ్రంథానికి ఇంతవరకు టీక లేకపోవడం పండితలోకానికి తలవంపు.

ఈ మూలానికి కర్ణాటకంలోని తుమకూరు జిల్లా, పావగడ తాలూకాలో వాడుకలో ఉన్న ప్రతిని ఇక్కడ ప్రమాణంగా గైకొనడమైనది. మూడు దిక్కులా ఆంధ్రప్రదేశ్ చుట్టుకొని ఉన్న ఆ తాలూకాలో ఇంట తెలుగు, బడిలో కన్నడం, తెర మీద ఇంగ్లీషు నేర్చి పెరిగే పిల్లవాడు ఈ వాక్యాన్ని మూడు భాషలలోనూ సమానంగా అర్థంకాకుండా చదవగలడు గనుక, మూలంలోని అస్పష్టత అనువాద దోషం కాదనీ, ఆదిలోనే ఉన్నదనీ రుజువు చేయడానికి అంతకు మించిన చోటు దొరకదు. అక్కడి పిల్లలు “అప్‌డేటు ఎక్కలేదు, తిరుగుతానే ఉంది” అని రెండు ముక్కల్లో చెప్పుకొనే సంగతికి మూలకారుడు ఇంత గాంభీర్యం తొడిగాడు.

మెదకు సీమలోని కొలిచెలమకు చెందిన మల్లినాథసూరి కాళిదాసు కావ్యాలకు టీకలు రాసేటప్పుడు, ఆధారం లేనిది రాయననీ అవసరం లేనిది చెప్పననీ ప్రతిజ్ఞ పట్టాడు. అందులో మొదటి సగం ఈ వ్యాఖ్యకూ శిరోధార్యం. రెండో సగం మాత్రం, అవసరమైనది ఒక్కటీ లేని మూలం దొరికినప్పుడు ఏ టీకాకారుడికీ చెల్లేది కాదు.

ప్రతిపదార్థం

సుగమం. విడవడమైనది.

అధికారి విచారం

శాస్త్రమన్నది ఏదైనా తొలుతనే నాలుగు సంగతులు చెప్పి తీరాలి: విషయం, ప్రయోజనం, ఆ రెంటికీ గల సంబంధం, దానికి తగినవాడైన అధికారి. వీటిని అనుబంధ చతుష్టయమంటారు. మూలంలో మొదటి మూడూ శూన్యం. అధికారి మాత్రం చెప్పకుండానే నిర్ణయమై ఉన్నాడు. చాలినంత కొత్త ఫోను, అందులో చాలినంత ఖాళీ, ఎంత వాడినా తరగని డేటా, కిటికీలోంచి కనబడే దూరంలో టవరు ఉన్నవాడే అతడు. యజ్ఞవిధులను విచారించే పూర్వమీమాంసా సూత్రాల ఆరవ అధ్యాయంలో జైమిని, యజ్ఞానికి కావలసిన ధనం లేనివాడికి యజ్ఞం చేసే హక్కు ఉన్నదా అన్న ప్రశ్న ఎత్తుకొని, పేదరికం మనిషికి శాశ్వతంగా అంటుకొని ఉండే గుణం కాదు, ధనం సంపాదించుకోదగినదే, కనుక అతడికీ హక్కు ఉన్నదని తేల్చాడు. అదే పాదంలో శూద్రుణ్ణి వాకిటనే నిలిపివేసిన జైమిని సైతం పేదవాణ్ణి లోనికి రానిచ్చాడు. 32 జీబీ ఫోను పట్టుకొని వచ్చినవాణ్ణి ఆట రానివ్వదు సరికదా, రానివ్వడంలేదన్న సంగతీ చెప్పదు. ఏదో పొరపాటు జరిగిందంటుంది.

విధి విచారం

మూలంలోని రెండో వాక్యం విధి, అంటే ఫలానా పని చేయమన్న ఆజ్ఞ. ఈ ఆజ్ఞను పట్టుకొని పరిహారకారులు అనే ఒక వర్గంవారు వీడియోలలో విస్తరించిన కర్మకాండ బయలుదేరింది: ఫోనును ఆపి మళ్ళీ వెలిగించాలి, విమానం గుర్తును నొక్కి తీయాలి, క్యాష్ తుడవాలి, డేటా తుడవాలి, యాప్‌ను తీసివేసి మళ్ళీ వేయాలి. ఏ పని ఏ దోషానికి పరిహారమో వారు చెప్పరు. ఇటువంటి చోట మీమాంసకులకు విశ్వజిన్న్యాయమని ఒకటున్నది. విశ్వజిత్తు అనే యాగం చేయమన్న వేదవాక్యం దానివల్ల ఏమి వస్తుందో చెప్పలేదు గనుక, ఫలం చెప్పని చోట స్వర్గమే ఫలమని ఊహించుకోవాలన్నది ఆ న్యాయం. క్యాష్ తుడిచినవాడికి అప్‌డేట్ దిగకపోయినా స్వర్గం తప్పదని దీనివల్ల గ్రహించాలి.

ఈ పోలిక పైపైది కాదు. విశ్వజిద్యాగంలో యజమాని తన సర్వస్వాన్నీ దక్షిణగా ధారపోయాలి. క్యాష్ అంటే మళ్ళీ తెచ్చుకోవడానికి వీలుగా యాప్ తాత్కాలికంగా దాచుకున్న దస్త్రాలు. అవి పోయినా పెద్ద నష్టం లేదు. దాని పక్కనే ఉండే రెండో మీట డేటా తుడిచేది. దాన్ని నొక్కితే ఆట ఇదివరకు దించుకొన్న పటాలు, శబ్దాలు, వేషాలు జీబీల కొద్దీ పోవడమే కాక, పేరు నమోదు చేసుకోకుండా అతిథి ఖాతాతో ఆడుతున్నవాడి ఆట మొత్తమే పోవచ్చు. రెండు మీటలకూ గల ఈ భేదాన్ని చెప్పకుండా రెండూ నొక్కండని ఉపదేశించేవారు యజమానిచేత తెలియకుండా విశ్వజిత్తు చేయిస్తున్నవారు. ఇక్కడ వ్యాఖ్యాతకు నవ్వు రాదు.

అపూర్వ విచారం

ఇప్పుడు ఈ వ్యాఖ్యకు ప్రాణప్రదమైన ఘట్టం. యజ్ఞం ఒక క్రియ. చేసిన క్షణానే నశిస్తుంది. దాని ఫలమైన స్వర్గం ఎప్పుడో మరణానంతరం వస్తుంది. పోయిన పని రానున్న ఫలాన్ని ఎలా ఇస్తుంది? ఈ నడిమి అగాధాన్ని పూడ్చడానికి మీమాంసకులు అపూర్వమనే అదృశ్యశక్తిని అంగీకరించారు. పని పోయినా అపూర్వం నిలిచి ఉండి, వేళ వచ్చినప్పుడు ఫలాన్ని అందిస్తుంది. అది ఒక్కటిగా ఉండేదీ కాదు. దర్శపూర్ణమాసాలనే జంట యాగంలో పున్నమికి మూడు, అమావాస్యకు మూడు ప్రధానాహుతులు. ఒక్కొక్కటీ ఒక్కొక్క ఉత్పత్త్యపూర్వాన్ని పుట్టిస్తుంది, మూడేసి కలిసి ఒక సముదాయాపూర్వం అవుతాయి, ఆ రెండూ కలిసి ఫలాన్ని ఇచ్చే పరమాపూర్వం అవుతాయి. నడుమ ఒక ఆహుతి చెడితే దానికి ప్రాయశ్చిత్తం చేసి ముందుకు సాగాలే గాని, పున్నమి నుంచి పుట్టినవన్నీ గంగపాలు చేసుకోమని ఏ శ్రౌతకారుడూ అనలేదు.

అప్‌డేట్ సరిగ్గా ఈ పద్ధతినే దిగుతుంది. 2003లో మొదలైన స్టీమ్ అనే కంప్యూటర్ ఆటల అంగడి, పెద్ద దస్త్రాలను సుమారు ఒక్కొక్క మెగాబైటు ముక్కలుగా కోసి, ప్రతి ముక్కకూ దానిలోని అంకెలన్నిటినీ లెక్కగట్టగా వచ్చే ఒక ముద్రను జతచేస్తుంది. దిగిన ముక్క నుంచి మళ్ళీ లెక్కగట్టిన ముద్ర మొదటి ముద్రతో సరిపోతే ఆ ముక్క నిలుస్తుంది, సరిపోకపోతే దాన్ని మాత్రమే మళ్ళీ తెస్తారు. ఇది ఉత్పత్త్యపూర్వం తప్ప మరొకటి కాదు. ఆగినచోటి నుంచి దస్త్రాన్ని తిరిగి అందుకొనే ఏర్పాటు వెబ్ నియమాలలో 1997 నాటికే చేరింది. విధి ఉన్నది, సాధనం ఉన్నది, శిష్టాచారమూ ఉన్నది. అయినా సగం దిగిన మూటను పారవేసి మళ్ళీ సున్నా నుంచి మొదలుపెట్టే ఆటలు నేటికీ ఉన్నాయి.

దీన్ని శాస్త్రంలో కృతనాశం అంటారు: చేసిన పనికి ఫలం లేకుండా పోవడం. దీని కవల అకృతాభ్యాగమం: చేయని పనికి ఫలం మీద పడడం. కర్మను ఒప్పుకొన్న దర్శనాలు ఎన్ని విషయాలలో తగవులాడుకున్నా, ఈ రెండూ దోషాలన్న విషయంలో ఏకమయ్యాయి. కర్మనే ఒప్పుకోని చార్వాకుడొక్కడే వీటిని లెక్కచేయలేదు. ఆటల కంపెనీలది ఏ మతమో ఇక వేరే చెప్పనక్కరలేదు. రోజుకు 1.5 జీబీయో 2 జీబీయో లెక్కన నెలకొకసారి ముందుగానే డబ్బు కట్టిన పిల్లవాడికి, ఒక జీబీ దాటి దిగి కూలిపోయిన అప్‌డేట్ కృతనాశం. అతడు అడగకుండా తెర మీద తనంతట తాను ఆడిన ప్రకటన వీడియో అదే కోటాలోంచి మింగిన భాగం అకృతాభ్యాగమం. కోటా తీరగానే వేగం సెకనుకు 64 కిలోబిట్లకు పడిపోయే పథకాలలో, మిగిలిన ఒక జీబీ దిగడానికి సుమారు 35 గంటలు పడుతుంది. అన్ని గంటలు ఎదురుచూసే సర్వరు ఉండదు. అర్ధరాత్రి కొత్త కోటా వచ్చేదాకా మేలుకొని, మళ్ళీ సున్నా నుంచి మొదలుపెట్టినవాడికి మరునాటి కోటా తెల్లవారకముందే హరించుకుపోతుంది.

తీసుకున్నదానికి లెక్క రాయడం పావగడ తాలూకాకు కొత్త కాదు. తిరుమణి, బాలసముద్ర, వళ్లూరు, రాయచెర్లు, క్యాతగానచెర్లు అనే అయిదు ఊళ్లలో సుమారు 13,000 ఎకరాలలో 2,050 మెగావాట్ల సౌర విద్యుత్ పార్కు వెలిసినప్పుడు, రైతు భూమిని కొనక కౌలుకు తీసుకొని, ఎకరానికి ఏడాదికి 21,000 రూపాయలని, రెండేళ్లకొకసారి అయిదు శాతం పెంపని కాగితం మీద పెట్టారు. ఆ ఏర్పాటులో కౌలు దక్కని కూలీల గోడు వేరే గ్రంథం; కాని భూమి ఇచ్చినవాడికి తన లెక్క తనకు తెలుసు. అవే ఊళ్లలో అప్‌డేట్ కోసం డేటా ఇచ్చుకున్నవాడికి ఎంత పోయిందో, ఎందుకు పోయిందో, దానిలో ఎంత నిలిచి ఉన్నదో చెప్పే కాగితం లేదు.

అపూర్వం విషయంలో మీమాంసకుల రెండు శాఖలైన భాట్టులకూ ప్రాభాకరులకూ గల భేదాన్ని ఇక్కడ ఒక్కమాటలో చెప్పి విడవడం ఉచితం. ఫలం మీది కోరికతోనే మనిషి పనికి పూనుకుంటాడని భాట్టులు. విధి ఆజ్ఞాపించింది గనుకనే చేయాలని ప్రాభాకరులు. ఆడేవాడు భాట్టుడు, మూలకారుడు ప్రాభాకరుడు. “మళ్ళీ ప్రయత్నించండి” అన్న వాక్యానికి వేరే సమర్థన లేదు.

షష్ఠీ విచారం

“మీ ఇంటర్నెట్ కనెక్షన్” అన్నచోట షష్ఠీ విభక్తి ఏ సంబంధాన్ని చెబుతున్నది? సొత్తుకూ సొంతదారుకూ గల సంబంధమని అనుకుంటే, దారి మొత్తం ఆడేవాడిదై ఉండాలి. ఆట దస్త్రం తయారీదారు సర్వరు నుంచి బయలుదేరి, దాని నకళ్లను ఊరూరా దాచి ఉంచే పంపిణీ కేంద్రాలకు చేరి, అక్కడి నుంచి టెలిఫోన్ కంపెనీ తీగలగుండా టవరుకు వచ్చి, చివరి మజిలీగా గాలిలో ఫోనుకు దూకుతుంది. ఇంతటి దారిలో ఆడేవాడి సొత్తు అతడి చేతిలోని ఫోను మాత్రమే. మిట్ట ఎక్కి చేయి పైకి చాచడం తప్ప సరిచూసుకోవడానికి అతడికి మరో సాధనం లేదు. కాబట్టి ఇది సొత్తును చెప్పే షష్ఠి కాదు, నేరం మోపే షష్ఠి. వైయాకరణులు దీన్ని ఎందుచేతనో లెక్కించలేదు.

ఆక్షేపం, సమాధానం

కారణం మూలకారుడికీ తెలియదేమో, అందుకే ఏదో అన్నాడేమో అని ఆక్షేపం. అది నిలవదు. ఆండ్రాయిడ్‌కు పునాది అయిన లినక్స్‌లో, ఖాళీ చోటు మిగలక దస్త్రం రాయలేకపోయిన స్థితికి 28 అనే సంఖ్య కట్టి ఉన్నది. కోరిన దస్త్రం లేకపోతే సర్వరు 404 అంటుంది, తానే పనిచేయలేని స్థితిలో ఉంటే 503 అంటుంది. ఆట ఈ సంఖ్యలను స్పష్టంగా విని, విన్నదాన్ని మింగి, ఆడేవాడి వైపు తిరిగి ఏదో అంటుంది. ఫోను గడియారంలో తేదీ తప్పుగా ఉంటే సర్వరు చూపే గుర్తింపు పత్రం గడువు తీరినట్టో, ఇంకా మొదలుకానట్టో తోచి, రక్షిత సంబంధం కుదరదు. పావగడలోని శనిమహాత్మ ఆలయానికి సరిహద్దు దాటి కూడా జనం కాలదోష నివారణకు వస్తారు. ఈ ఒక్క కాలదోషానికి మాత్రం తేదీని తనంతట దిద్దుకొనే మీట నొక్కడమే శాంతి. ఆ ఒక్క ముక్క మూలంలో రాసి ఉంటే ఎందరివో క్యాష్‌లు బతికిపోయేవి.

ఇక సందేశం కంపెనీదైనా కారణం కంపెనీది కానిచోట ఏమంటారు? 2022 జులై 28న బ్యాటిల్‌గ్రౌండ్స్ మొబైల్ ఇండియా అనే ఆట ప్రభుత్వ ఆజ్ఞతో రెండు ప్రధాన అంగళ్ల నుంచీ మాయమై, 2023 మే నెలలో గాని తిరిగి రాలేదు. ఆంధ్రుడైన అన్నంభట్టు తర్కసంగ్రహంలో అభావాలు నాలుగని బోధించాడు: ఇంకా పుట్టకపోవడం, పుట్టి నశించడం, ఎప్పటికీ లేకపోవడం, ఇది అది కాకపోవడం. ఆ నెలలలో అంగడిలో ఆటను వెతికినవాడు మొదటి మూడింటిలో దేనిలో ఉన్నాడో తేల్చుకోలేకుండానే, పరిహారకారుల మాట విని ఫోను ఆపి వెలిగించాడు.

కారణం చెప్పే వాక్యానికి ఉదాహరణ దగ్గరలోనే ఉన్నది. పావగడ పల్లెలలో ఫ్లోరైడు నీటి బాధకు శుద్ధనీటి యంత్రాలు పెట్టారు. నాణెం వేస్తే నీళ్లు వస్తాయి. యంత్రం చెడితే దాన్ని చూసుకొనేవాడు తలుపు మీద సుద్దముక్కతో “మోటరు కాలింది, రేపు రండి” అని రాస్తే చాలు, నాణెం ఎవరూ వేయరు. కర్త, కారణం, కాలం మూడూ ఉన్న ఆ వాక్యానికి టీక అక్కరలేదు.

పాఠాంతరం

మొదటి వాక్యానికి బదులు “ఈ అప్‌డేట్‌కు 4 జీబీ ఖాళీ కావాలి, మీ ఫోనులో 1 జీబీ ఉన్నది” అని ఒక పాఠాంతరం కొన్ని ప్రతులలో కనబడుతుంది. దించిన మూటకూ, విప్పిన దస్త్రాలకూ రెండింటికీ ఒకేసారి చోటు కావాలన్న నిజాన్ని చెప్పడం వల్ల ఇదే సాధుపాఠం. అయితే ఈ పాఠం ఉన్న ప్రతులలో సైతం చాలావాటిలో అది గ్రంథారంభంలో లేదు. మూట మొత్తం దిగి, డేటా తీరి, గీత 99 శాతం దగ్గరికి చేరిన తరువాతి పుటలో ఉన్నది.