ఊపిరి పోసే వైద్యులు

పాత గేమ్ బాయ్, అంటే నింటెండో వారి చేతిలో పట్టుకుని ఆడే వీడియో గేమ్ యంత్రం, ఆన్ చేస్తే ఆట రాలేదు. అప్పుడు జరిగే తంతు టోక్యోలోనైనా టెక్సస్‌లోనైనా ఒక్కటే. యజమాని వెనక నుంచి కేసెట్ లాగుతాడు. గుండెల నిండా గాలి పీల్చి, కేసెట్ అంచున ఉన్న చీలికలోకి ఈ చివర నుంచి ఆ చివరకు ఊదుతాడు. మళ్లీ దూర్చి స్విచ్ జరుపుతాడు. ఆట వస్తుంది. రాకపోతే ఇంకాస్త గట్టిగా ఊదుతాడు. వచ్చేదాకా ఊదుతూనే ఉంటాడు కాబట్టి, ఈ వైద్యం ఇంతవరకు ఎవరి చేతిలోనూ విఫలం కాలేదు.

కట్టెల పొయ్యి ముందు ఊదుగొట్టం పట్టుకున్న అమ్మమ్మకు కనీసం నిప్పు ఎక్కడుందో కనపడేది. కేసెట్ ఊదేవాడికి ఆ మాత్రం ఆధారం కూడా లేదు. లోపల ఉన్నవి 32 సన్నని లోహపు పట్టీలు. వాటి మీద వేళ్ల జిడ్డు, దుమ్ము, లోహానికి గాలి తగిలి కట్టిన పొర పేరుకుంటాయి. కేసెట్‌ను లాగి మళ్లీ దూర్చినప్పుడు యంత్రంలోని పిన్నులు ఆ పట్టీలను ఒరుసుకుంటూ వెళ్లి ఆ మురికిని కొంత గీకేస్తాయి. ఆట రావడానికి కారణం ఆ రాపిడి. చాకిరీ చేసింది వేళ్లు, హారతి అందుకున్నది ఊపిరి. ఊదకుండా ఊరికే తీసి పెట్టి చూడమంటే మాత్రం ఒక్కడూ ఒప్పుకోడు. పూజ చేయకుండా ప్రసాదం తినమన్నట్టు ముఖం పెడతాడు.

నిజానికి గేమ్ బాయ్ తన జబ్బును దాచుకునే రకం కాదు. స్విచ్ వేయగానే తెర పైనుంచి నింటెండో పేరు మెల్లగా కిందికి జారుతుంది కదా, ఆ అక్షరాల బొమ్మ వచ్చేది యంత్రంలోంచి కాదు, కేసెట్‌లోంచి. యంత్రంలో 256 బైట్ల బుల్లి ప్రోగ్రామ్ ఒకటి ఉంటుంది. అది కేసెట్‌లోని 48 బైట్ల ఆ బొమ్మను చదివి, తన దగ్గరున్న నకలుతో సరిచూస్తుంది. ఒక్క బైటు తేడా వచ్చినా అక్కడే ఆగిపోతుంది. అనుమతి లేకుండా ఆటలు చేసి అమ్మేవాళ్ల కోసం పెట్టిన తాళం అది: ఆట నడవాలంటే నింటెండో పేరు వాడక తప్పదు, వాడితే ట్రేడ్‌మార్క్ కేసు తప్పదు. వకీళ్ల కోసం పుట్టిన ఆ ఏర్పాటు ఇప్పుడు ఫీజు లేని డాక్టరుగా పనిచేస్తోంది. పేరు ఉండాల్సిన చోట నల్లటి దిమ్మ వస్తే కేసెట్ నుంచి ఏమీ అందడం లేదని అర్థం. అక్షరాలు చెదిరి కనిపిస్తే కొన్ని పిన్నులు తగులుతున్నాయి, కొన్ని తగలడం లేదని అర్థం. యంత్రం చీటీ రాసి చేతికిస్తోంది. చదివే ఓపిక లేదు, ఊదే ఓపిక బోలెడంత ఉంది.

ఈ ఆచారం గేమ్ బాయ్‌తో పుట్టింది కూడా కాదు. 1985లో అమెరికాలో వచ్చిన నింటెండో టీవీ యంత్రం, ఎన్‌ఈఎస్, కేసెట్‌ను ముందు వైపు నుంచి మింగి కిందికి నొక్కించుకునేది. పిల్లల ఆటవస్తువులా కాక వీసీఆర్‌లా హుందాగా కనపడాలన్న సరదా అది. ఆ సరదాకు లోపలి 72 పిన్నుల కనెక్టర్ బలై, కొన్నాళ్లకు పట్టు వదిలేది. అక్కడి పిల్లలు ఏం తోచక ఊదారంటే పోనీలే అనుకోవచ్చు. గేమ్ బాయ్‌లో ఆ వంకర ఏర్పాటు లేదు, కేసెట్ నేరుగా దిగుతుంది. జబ్బు రాలేదు గానీ మందు మాత్రం వారసత్వంగా వచ్చేసింది.

ఊదొద్దు బాబూ, ఊపిరిలోని తేమకు పిన్నులు తుప్పు పడతాయని నింటెండో చెబుతూనే ఉంది. 2012లో అమెరికాలో ఒక ఔత్సాహికుడు ఒకే ఆట కేసెట్లు రెండు తీసుకుని, నెల పాటు రోజుకు పదిసార్లు ఒకదానిలో ఊదాడు, రెండోదాన్ని ముట్టుకోలేదు. ఊదినదాని పట్టీలు పాడైన సంగతి ఫొటోల్లో తెలిసిపోయింది. రెండు కేసెట్లతో తేలేది శాస్త్రం కాదని ఊదుడు పక్షం వాళ్లు వాదిస్తారు. సబబే. అయితే వాళ్ల పక్షాన ఆ రెండు కూడా లేవు.

తెలుగు ఇళ్లలో గేమ్ బాయ్ అరుదు. తొంభైలలో ఇక్కడికి వచ్చింది టీవీకి తగిలించే నకలు వీడియో గేమ్. దాంతోపాటు ‘9999 ఆటలు’ అని రాసిన కేసెట్. పెడితే ఆ కొన్ని ఆటలే అంకెలు మార్చుకుని తిరిగి తిరిగి వచ్చేవి. అసలు ఎన్‌ఈఎస్ మొహం ఎన్నడూ చూడని పిల్లలు విజయవాడలోనూ వరంగల్‌లోనూ ఊదారు. ఎవరు చెప్పారో ఎవరికీ తెలియదు. వాళ్లలో కొందరు పెద్దయి కంప్యూటర్ రిపేరులోకి దిగి, ర్యామ్ అంచును స్కూలు రబ్బరుతో రుద్దడం నేర్చారు. ఇది ఊదడం కన్నా చాలా నయం, రబ్బరు నిజంగానే మురికిని లేపుతుంది. రుద్దగా రుద్దగా కింది పూతను కూడా లేపుతుంది, అంతే తేడా.

ఇంతకీ ఈ వైద్యుల చేతుల్లో పడ్డ గేమ్ బాయ్‌ను రూపొందించిన మనిషి మొదట్లో చేసింది మెయింటెనెన్స్ ఉద్యోగం. గున్‌పెయ్ యొకోయ్ 1965లో క్యోటోలోని నింటెండోలో చేరింది ఆటలు కనిపెట్టడానికి కాదు, హనఫుడా పేకముక్కలు తయారుచేసే యంత్రాలు ఆగిపోకుండా చూసుకోవడానికి. బాగా నలిగిన, చవకైన, గుణగణాలు అందరికీ తెలిసిన సాంకేతికతనే కొత్త పనికి వాడాలన్నది ఆయన సిద్ధాంతం. అందుకే 1989 ఏప్రిల్ 21న జపాన్‌లో విడుదలైన గేమ్ బాయ్‌కి రంగుల్లేవు, తెర వెనక దీపం లేదు. నాలుగు ఛాయల పచ్చటి తెర, నాలుగు పెన్సిల్ సెల్లు, అంతే. దాని తమ్ముడు గేమ్ బాయ్ కలర్‌తో కలిపి అమ్ముడైనవి దాదాపు 11 కోట్ల 87 లక్షలు. గల్ఫ్ యుద్ధంలో బాంబు దాడికి కాలి, డొప్ప కరిగి నల్లబడిన గేమ్ బాయ్ ఒకటి న్యూయార్క్‌లోని నింటెండో దుకాణంలో అద్దాల పెట్టెలో ఏళ్ల తరబడి టెట్రిస్ చూపిస్తూ కూర్చుంది. బాంబుకు చావని జాతి అది. టూత్‌పేస్టుకు చస్తుందేమోనన్నదే అనుమానం.

అవును, టూత్‌పేస్టు. తెర మీద గీతలు పడితే దాంతో రుద్దాలని చెప్పే వైద్యులు కోకొల్లలు. పైన కనిపించే ఆ అద్దం అద్దం కాదు, ప్లాస్టిక్ పలక. పేస్టులో ఉండేది పంటి మీద పాచిని గీకే సన్నటి రాపిడి పొడి. పది పెద్ద గీతలున్న చోట పది వేల చిన్న గీతలు పడతాయి, వాటికి ‘పాలిష్’ అని పేరు. తెర మొత్తం పొగమంచు కమ్మినట్టు అయ్యాక, మిగిలిన పేస్టు స్పీకర్ రంధ్రాల్లో ఎండి గట్టిపడుతుంది. యంత్రం నోరు మాత్రం పుదీనా వాసన వేస్తుంది. ఆ ప్లాస్టిక్ పలక విడిగా చవగ్గా దొరుకుతుంది, పాతది ఊడదీసి కొత్తది అతికించడం పావుగంట పని. కానీ అందులో చిట్కా లేదు, చిట్కా లేని పనికి గౌరవం లేదు.

వంటింటి వైద్యం అసలు సత్తా కనపడేది సెల్లు కారినప్పుడు. ఆల్కలైన్ సెల్లోంచి కారేది పొటాషియం హైడ్రాక్సైడ్, అంటే క్షారం. దాన్ని విరిచేది ఆమ్లం: కాస్త వెనిగర్ గానీ నిమ్మరసం గానీ దూదిపుల్లకు అద్ది తుడిస్తే చాలు. మన కిరాణా కొట్లలో ఎక్కువగా దొరికే చవక జింక్ కార్బన్ సెల్లు కారితే వచ్చేది ఆమ్ల గుణం ఉన్న ద్రవం, దానికి వంటసోడా పనికొస్తుంది. ఏ సెల్లు కారిందో దాని ఒంటి మీదే రాసి ఉంటుంది. అయినా చిట్కా వైద్యుడు సెల్లు వైపు చూడడు, అన్నిటికీ సోడాయే. క్షారం మీద క్షారం చల్లి గంటసేపు ఎదురుచూసేవాడు ఒక రకం. ఎందుకైనా మంచిదని సోడా, వెనిగర్ రెండూ కలిపి పోసేవాడు రెండో రకం, వీడు మహా ప్రమాదకారి. బుసబుసా నురగ వస్తుంది. నురగ చూసి మురికి పారిపోతోందని మురిసిపోతాడు. అక్కడ జరిగిందల్లా ఆ రెండూ కొట్టుకుని చావడమే. మిగిలింది కాస్త సోడియం అసిటేట్, కాస్త కార్బన్ డయాక్సైడ్, సర్క్యూట్ బోర్డు మీద చాలా నీళ్లు.

డబ్ల్యూడీ-40 గురించి ఎక్కువ చెప్పుకోనక్కర్లేదు. 1953లో శాన్ డియేగోలో లోహాల మీద నీటిని తరిమి తుప్పు ఆపడానికి తయారైన మందు అది. నలభయ్యో ప్రయత్నంలో కుదిరిందని పేరులోనే చెప్పుకుంది. తలుపు కీలుకు దివ్యంగా పనిచేస్తుంది. గేమ్ బాయ్ స్విచ్‌లోకి కొడితే నూనె పొర మిగిలి, గదిలో ఉన్న దుమ్మునంతా ఆహ్వానిస్తుంది. కాంటాక్ట్ క్లీనర్ అని వేరే డబ్బా ఉంటుంది. దాని మీద బొమ్మ ఇంత అందంగా ఉండదు కాబోలు.

ఇక సౌందర్య పోషణ. ఎండకు, వేడికి, గాలికి ఏబీఎస్ ప్లాస్టిక్ ఏళ్లు గడిచేకొద్దీ పసుపెక్కుతుంది. బూడిద రంగు గేమ్ బాయ్ ముసలి పన్ను రంగుకు తిరుగుతుంది. దీనికి 2008 ప్రాంతంలో కొందరు ఔత్సాహికులు హైడ్రోజన్ పెరాక్సైడ్ పట్టించి అతినీలలోహిత కాంతిలో ఉంచే పద్ధతి తేల్చారు. పని చేస్తుంది, కాదనలేం. బ్యూటీ పార్లర్‌లో జుట్టు రంగు తీసే క్రీము పూసి, ప్లాస్టిక్ కాగితం చుట్టి, మేడ మీద ఎండలో పడుకోబెడతారు. క్రీము మందంగా ఉన్న చోట ఒక రంగు, పలచగా ఉన్న చోట ఒక రంగు వచ్చి, పొడలు పొడలుగా యంత్రం లేస్తుంది. సమంగా తెల్లబడినా ఆ తెలుపు శాశ్వతం కాదు, కొన్నాళ్లకు పసుపు తిరిగి వస్తుంది. మళ్లీ క్రీము, మళ్లీ ఎండ. ఆడటానికి పసుపు అడ్డమా అంటే కాదు. న్యూయార్క్ అద్దాల పెట్టెలోని ఆ కాలిన గేమ్ బాయ్‌ను ఎవరూ తెల్లబరచలేదు.

సెగా వారి గేమ్ గేర్ దగ్గరికి వచ్చేసరికి ఈ వైద్యులందరూ ఒకేసారి బోల్తాపడతారు. 1990లో గేమ్ బాయ్‌కి పోటీగా వచ్చి, రంగుల తెరతో మురిపించి, ఆరు సెల్లను కొన్ని గంటల్లోనే మింగేసిన యంత్రం అది. దాని లోపలి చిన్న కెపాసిటర్లు కాలం తీరి కారిపోతాయి. శబ్దం సన్నగిల్లుతుంది, తెర మసకబారుతుంది, విప్పితే చేపల వాసన వస్తుంది. ఊదండి, రుద్దండి, నురగ తెప్పించండి, ఎండలో పెట్టండి. కెపాసిటర్లు పీకి కొత్తవి టంకం వేస్తే తప్ప అది పలకదు. అలాంటి యంత్రాన్ని ‘ఇప్పుడే క్లీన్ చేశాం, చిన్న సెట్టింగ్ లోపం’ అని అమ్మేవాళ్ల ధైర్యం మెచ్చుకోదగింది.

శుభ్రం చేయడమే హత్య అయ్యే సందర్భం ఒకటుంది. పోకెమాన్ లాంటి ఆటల కేసెట్‌లో నాణెం సైజు సెల్లు ఒకటి ఉంటుంది. ఆట ఎక్కడిదాకా వచ్చిందో గుర్తుపెట్టుకునే జ్ఞాపకశక్తి దాని మీదే నడుస్తుంది. 1999లో వచ్చిన గోల్డ్, సిల్వర్ ఆటల్లో గడియారం కూడా దాని మీదే కాబట్టి ఇంకా తొందరగా అయిపోతుంది. కొందరు మహా శ్రద్ధాళువులు బతికే ఉన్న సెల్లును ముందుజాగ్రత్తగా పీకి కొత్తది వేస్తారు. లోపల దాచుకున్నదాన్ని వేరే పరికరంలోకి ఎక్కించుకోవాలన్న సంగతి పీకిన తర్వాత గుర్తొస్తుంది. ఇరవై ఏళ్లు దాచిన పోకెమాన్ అంతా ఒక్క క్షణంలో ఖాళీ. కేసెట్ మాత్రం మిలమిలా మెరుస్తుంటుంది.

పని చేసే పద్ధతులు చప్పగా ఉంటాయి. మొబైల్ రిపేరు కుర్రాళ్లు వాడే ఐసోప్రొపైల్ ఆల్కహాల్, దూదిపుల్ల, మూడు రెక్కల స్క్రూలకు సరిపడే స్క్రూడ్రైవర్. పట్టీలు తుడిచి, ఆరనిచ్చి, పెట్టడమే. (ఆల్కహాల్ కూడా వాడొద్దని నింటెండో కేసెట్ల మీదే రాసింది, తన క్లీనింగ్ కిట్ తాను అమ్ముకుంది. ఈ ఒక్క విషయంలో వాడేవాళ్లు కంపెనీ మాట వినకుండా బాగుపడ్డారు. శానిటైజర్ వాడినవాళ్లు బాగుపడలేదు, అందులో నీళ్లు, జిగురు కూడా ఉంటాయి.) తెర మీది బొమ్మలో కొన్ని నిలువు గీతలు మాయమైతే కారణం మురికి కాదు, తెర అంచున రిబ్బన్ పట్టీ అతుకు వదలడం. దాని మీద టంకం కడ్డీని తక్కువ వేడిలో మెల్లగా జరిపితే చాలాసార్లు గీతలు తిరిగి వస్తాయి. ఆగి ఆగి నడిచే యంత్రానికి చాలాసార్లు స్విచ్‌లోని మురికే కారణం. సెల్లు తీసేసి స్విచ్‌ను పదే పదే ఇటూ అటూ జరిపినా కొంత నయమవుతుంది. ఇందులో వేడుక లేదు, నురగ లేదు, ముందూ తర్వాతా ఫొటోల్లో తేడా కూడా కనపడదు.

ఫొటోలో తేడా కావాల్సినవాళ్లు వేరే దారి పట్టారు. పాత డొప్ప తీసి ఊదారంగు పారదర్శకపు డొప్ప, పాత తెర తీసి వెలిగే ఐపీఎస్ తెర, పెన్సిల్ సెల్ల చోట ఛార్జింగ్ బ్యాటరీ, కొత్త బటన్లు, కొత్త స్పీకర్. యొకోయ్ కాలం నాటిది బోర్డు ఒక్కటే మిగిలింది, అదీ కనపడదు. ఆడుకోవడానికి బ్రహ్మాండంగా ఉంటుంది, తప్పేమీ లేదు. దాన్ని ‘1989 నాటి ఒరిజినల్, పునరుద్ధరించినది’ అని రెట్టింపు ధరకు పెట్టడం దగ్గరే పేచీ. ప్రకటనలో తెర మెరుస్తూ ఆరు ఫొటోలు ఉంటాయి. బ్యాటరీ మూత తీసి ఒక ఫొటో, డొప్ప విప్పి బోర్డుది ఒక ఫొటో పంపమని అడిగితే రెండు రోజులు మౌనం. మూడో రోజు జవాబు వస్తుంది: అంతా బాగానే ఉంది సార్, ఎప్పుడైనా ఆట రాకపోతే కేసెట్ తీసి ఒకసారి ఊదండి, వచ్చేస్తుంది.