సెల్లు కట్టేసి ఎవరితో మాట్లాడమంటారు సామీ?

ఈ మధ్య ఉపదేశకులు ఎక్కువయ్యారు. సెల్లు వల్లే సంసారాలు చెడిపోయాయట, మనుషులు ఒంటరివాళ్లయ్యారట. రోజుకు గంటసేపు ‘డిజిటల్ ఉపవాసం’ ఉండి ఇంట్లోవాళ్లతో మాట్లాడితే బంధాలు చిగురిస్తాయట. ఈ హితబోధ మనకు చేరేదీ వాట్సాప్‌లోనే, ఏకాదశి మహిమను బిర్యానీ పొట్లం మీద అచ్చేసి పంచినట్టు.

సరే, ఆచరిద్దాం. మిరపకోతల కాలంలో కర్నూలు పడమటి పల్లెలకు, కోసిగి, పెద్దకడుబూరు వైపు రండి. వీధి పొడవునా తాళాలే. జనం సుగ్గికి, అదే వలసకూలికి, పోయినారు, గుంటూరు మిరపచేలకు. అరుగు మీద అవ్వ, పక్కన మనవరాలు. సెల్లు తెరలో తలగుడ్డ చుట్టుకున్న తల్లి.

“తింటివా?”

“తింటి. చేతులు మండుతాండాయా మా?”

“యాడ మండుతాయి లే. బడికి పోతివా?”

ఇంతలో సిగ్నల్ పోతుంది. ఈ సెల్లు కూడా కట్టేస్తే ఆ పిల్లకు ఎవరితో బంధం చిగురిస్తుందో అయ్యవార్లు సెలవివ్వాలి. అవ్వతోనా? అవ్వతో పొద్దస్తమానం మాట్లాడుతూనే ఉంది.

జియో వచ్చింది 2016లో. సుగ్గి అంతకు ఎన్నో ఏళ్ల ముందునుంచీ ఉంది. పక్కనే తుంగభద్ర పారుతున్నా దిగువ కాలువ నీళ్లు చివరి పొలాలకు అందక, వాన మీద పెట్టుకున్న ఆశ ఎండిపోయి, ఊళ్లు ఖాళీ అవుతూనే ఉన్నాయి. సెల్లు లేని ఆ రోజుల్లో ఈ ఇళ్లన్నీ కళకళలాడినాయా?

వీడియోలో చూస్తున్నాం గదా అని ఊరికి రావడం ఎగ్గొట్టే కొడుకులు లేరని కాదు. ఉన్నారు. వాళ్లు సెల్లు లేకపోతే రైలు దొరకలేదనేవాళ్లు.

కడప, రాయచోటి వైపు నుంచి కువైట్‌కు ఇంటిపనికి పోయిన ఆడవాళ్ల సంగతి ఇంకో తీరు. వాళ్లది ఇంటిపనివాళ్ల 20 నంబరు వీసా. కఫీల్, అంటే వీసా ఇచ్చిన యజమాని, ఒప్పుకోనిదే ఇల్లు మారడం మహా కష్టం. వారానికో రోజు సెలవివ్వాలని, పాస్‌పోర్టు యజమాని దగ్గర పెట్టుకోకూడదని అక్కడి చట్టం 2015లోనే చెప్పింది. అయినా పాస్‌పోర్టు బీరువాలోకి పోయే ఇళ్లున్నాయి. దాని వెనకే సెల్లూ పోతుంది. చిక్కుల్లో పడినామె గోడు సెల్ఫీ వీడియోగా ఊరు చేరాలంటే ఆ సెల్లే దిక్కని ఆ ఇంటి మేడమ్‌కు బాగా తెలుసు.

డిజిటల్ ఉపవాసాన్ని ఇంత నిష్ఠగా చేయిస్తున్న ఆ మేడమ్‌లకు మన ఉపదేశకులు ఇంతవరకూ ఒక్క శాలువా కూడా కప్పలేదు.